చెప్పుల దగ్గరి గీత

హాల్లో కిటికీ కింద నుంచి

వదినా,

పందెం మీరు ఓడిపోయారు. గీత కిటికీ దాకా వచ్చేసింది.

మొన్న ఆదివారం మీ తమ్ముడు డిపో నుంచి డబ్బా అడుగున మిగిలిన పసుపు పెయింటు పట్టుకొచ్చారు. బస్సులు వరసగా నిలబెట్టడానికి నేల మీద గీస్తారే, ఆ పెయింటు. పోయినేటి గీతని చాకుతో గీకేసి, టేపు పెట్టి కొలిచి, కొత్తది గీశారు. ఏడో గీత! ఇల్లు కొన్నప్పుడు మీరు నడుం మీద చేతులు పెట్టుకుని "ఏవిట్రా ఇది, ఇంట్లో బస్టాండు పెడుతున్నావా?" అని నవ్విన నవ్వు నాకింకా గుర్తుంది. ఇరవయ్యేళ్ళ అప్పు కాబట్టి గుమ్మం నుంచి పెరటి తలుపు దాకా ఇంటి పొడవుని ఇరవై భాగాలు చేసి, ఏడాది కిస్తీలు కట్టగానే ఒక భాగం మనదని గీత ముందుకి జరపడం ఆయన పద్ధతి. గీతకి ఇవతల మనం, అవతల బ్యాంకు. మొదటేడు మనదంటూ ఉన్నది చెప్పులు విప్పే చోటొక్కటే. ఎవరొచ్చినా "కాసేపు ఇక్కడే నిలబడండి, ఇది మా సొంతం" అనేవారు. ఇప్పటికీ టీ కావాలంటే "బ్యాంకు వారి వంటింట్లోంచి ఒక కప్పు పట్రా" అంటారు.

నేను కర్టెన్ల కొట్టులో రోజంతా ఊళ్ళోవాళ్ళ కిటికీలకి కుడతాను గానీ, మా ఇంట్లో ఒక్క కిటికీకీ గుడ్డ వెయ్యలేదు. మనది కాని కిటికీకి నేనెందుకు కుట్టాలని నా పట్టు. ఏడేళ్ళూ పాత దుప్పట్లతో నెట్టుకొచ్చాను. నిన్న హాలు కిటికీకి వేశాను. లేతాకుపచ్చ గుడ్డ, అంచుకి సన్నటి కుచ్చు. పిల్లది దాన్ని లాగీ తీసీ, లాగీ తీసీ రింగులు అరగదీస్తోంది. తన గది ఎప్పుడు మనదవుతుందో లెక్క కూడా వేసుకుంది. దానికి పద్దెనిమిది నిండేసరికట.

అన్నట్టు, ఈ ఏడేళ్ళలో కిస్తీ ఒక్క పైసా పెరగలేదు. మీ ఇంటి ఓనరు ఏటేటా అద్దె పెంచుతాడని ఏడుస్తారు కదా, మా బ్యాంకు చాలా మర్యాదస్తురాలు.

పోయిన నెల డిపో ట్రైనింగని వచ్చి ఆయన మీ దగ్గర రెండ్రోజులు ఉన్నారుగా. మీరేం నూరిపోసి పంపారో గానీ, వచ్చినప్పట్నుంచీ ప్రతిదానికీ విసుగే. నిన్న అన్నం దగ్గర నీళ్ళ గ్లాసు చెయ్యి తగిలి పడేసుకుని, "ఇక్కడ పెట్టిందెవరు?" అని నామీద లేచారు. రోజూ పెట్టే చోటే పెట్టాను, ఎడం పక్కన. వయసు నలభై ఆరు, చాదస్తం అరవై ఆరు.

అద్దాల మిషను రొదలో పనిచేసీ చేసీ మీకు ఫోన్లో సగమే వినపడుతుందని ఇంత రాశాను. ఓడిన పందేనికి నాకేం పంపుతారో రాయండి.

మీ మరదలు


కళ్ళద్దాల కొట్టు, వెనక గది

మరదలు పిల్లా,

ఓడిపోయానని ఒప్పుకుంటున్నాను. పందెం కింద నీకో చలవ కళ్ళద్దాలు, పిల్లదానికి ఇంకోటి పంపిస్తున్నాను. బ్యాంకు వాళ్ళ మంచం మీద పడుకుని మన కిటికీ చూసుకు మురిసిపోయే మొగుడూ పెళ్ళాల్ని నేనెక్కడా చూళ్ళేదమ్మా. నాకేముంది, అద్దె గది, ఒక కుర్చీ, పొద్దున లేస్తే అద్దాలు అరగదీసే మిషను. ఎక్కడా గీత గియ్యక్కర్లేదు, గుమ్మం నుంచి పెరటి దాకా అంతా ఓనరుదే.

వాడి మీద విసుక్కోకు. గ్లాసు ఇకనుంచి కుడి పక్కన పెట్టు. వాడికి చిన్నప్పట్నుంచీ ఎడం పక్కన వస్తువుంటే చిరాకులే. నువ్వు కొత్తగా కనిపెట్టావంతే.

ఇంకో మాట. కిస్తీ పెరగలేదన్నావు, సరే. వడ్డీ పెరగలేదా? మా కొట్టు ఓనరు తన ఇంటప్పు మీద వడ్డీ రెండుసార్లు పెరిగిందని నెత్తీ నోరూ బాదుకున్నాడు. మీదీ అలాంటి మారే వడ్డీయే అని తమ్ముడు చెప్పిన గుర్తు. కిస్తీ పెరక్కుండా వడ్డీ పెరిగితే ఆ పెరిగిందంతా ఎక్కడికి పోయినట్టు? గాల్లో కలిసిపోదు గదా. నువ్వొకసారి బ్యాంకుకి వెళ్ళి, ఇంకా ఎన్నేళ్ళు ఉందో నోరు తెరిచి అడుగు. వాడిక్కడికి వచ్చినప్పుడు "ఇంకా పదమూడేళ్ళేగా అక్కా, ఎలాగోలా లాగేస్తే చాలు" అన్నాడు. బస్సు తోలేవాడి నోట "ఎలాగోలా" అన్న మాట వింటే నాకు అదోలా అనిపించింది. ఈ వారంలోనే వెళ్ళు. వాయిదా వెయ్యకు.

మీ వదిన


కర్టెన్ల కొట్టు నుంచి, భోజనాల వేళ

వదినా,

అడగమన్నందుకు మిమ్మల్ని తిట్టుకోవాలో, మీకు దణ్ణం పెట్టాలో తెలీడం లేదు. అన్నం డబ్బా మూత కూడా తియ్యకుండా రాస్తున్నాను.

కౌంటర్లో ఉన్నది నాకన్నా చిన్న పిల్ల. జలుబు చేసి ముక్కు తుడుచుకుంటోంది. నంబరు చెప్పగానే చూసి, "ఇంకా ఇరవై ఒక్కేళ్ళండీ" అంది.

"అది మాది కాదేమో చూడమ్మా. మాది ఇరవయ్యేళ్ళ అప్పు. అందులో ఏడేళ్ళు కట్టేశాం."

"మీదేనండీ" అని కంప్యూటరు నావైపు తిప్పింది.

వినండి వదినా. మొదలుపెట్టినప్పుడు ఇరవయ్యేళ్ళు బాకీ. ఏడేళ్ళు ఒక్క నెల తప్పకుండా కట్టాక ఇరవై ఒక్కేళ్ళు బాకీ. వడ్డీ రెండుసార్లు పెరిగిందట. పెరిగినప్పుడు కిస్తీ పెంచమంటారా, ఏళ్ళు పెంచమంటారా అని కాగితం పంపారట. జవాబు చెప్పకపోతే ఏళ్ళే పెరుగుతాయట. కాగితం వచ్చే ఉంటుంది. "కిస్తీలో మార్పు లేదు" అన్న ముక్క దాకా చదివి, హమ్మయ్య అనుకుని, నేనే పోపుల డబ్బా కింద పరిచి ఉంటాను.

"పోనీ ఏడేళ్ళలో అసలు ఎంత తీరింది?" అన్నాను. నూటికి ఎనిమిదిన్నర వంతు. అంతే! మనం వంద కడితే మొదట్లో అందులో ఎనభై పైన వడ్డీకే పోయేది. వడ్డీ పెరిగాక తొంభై పైన పోతోంది. మిగిలిన పదో పరకో అసలుకి. అసలు కన్నా వడ్డీ ముద్దని పెద్దవాళ్ళు మనవల్ని చూసి అంటారు, వీళ్ళు నిజంగానే అంటారు. చివరిదాకా ఇలాగే కడితే మొత్తం ఎంతవుతుందని అడిగాను. తీసుకున్నదానికి మూడు రెట్లట. అంటే మూడిళ్ళ డబ్బు కట్టి ఒక ఇంట్లో ఉంటాం. అప్పటికి ఆయనకి అరవై ఏడు. బస్సు డ్రైవరుకి అరవైకే ఇంటికి పొమ్మంటారు. ఆ తరవాత ఏడేళ్ళు ఎవరు కడతారని అడిగితే ఆ పిల్ల మళ్ళీ ముక్కు తుడుచుకుంది.

ఇంటికొచ్చి టేపుతో కొలిచాను. అసలు గీత ఎక్కడుండాలో తెలుసా? మొదటేడు గీసినదానికీ రెండో ఏడు గీసినదానికీ మధ్య. చెప్పుల స్టాండు దాటి ఒక్క అడుగు.

ఆయనకి చెప్పాను. కాసేపు పసుపు గీతనే చూస్తూ నిలబడి, "అయితే బ్యాంకు వారి కిటికీకి కుచ్చులు పెట్టి మరీ కుట్టావన్నమాట" అని నవ్వారు. నవ్వి, అన్నం తినకుండా పడుకున్నారు. మా లెక్క ఎంత వెర్రి లెక్క వదినా! ఇరవయ్యేళ్ళుంటే ఇరవై సమాన భాగాలని ఏ బడిలో చెప్పారు మాకు? ఏడేళ్ళు ఇంటికి ఎవరొచ్చినా గీత చూపించి గొప్పలు పోయాం. తలుచుకుంటే సిగ్గుతో చచ్చిపోతున్నాను.

అయితే ఒక దారి ఉంది. కిస్తీకి పైన ఏం కట్టినా అది మొత్తం అసలులోకే పోతుందని ఆ పిల్లే చెప్పింది. నెలనెలా కిస్తీలో మూడో వంతు అదనంగా కడితే ఇరవై ఒక్కేళ్ళు పదిన్నర అవుతుంది. సగానికి సగం! నమ్మకం కుదరక మూడుసార్లు లెక్క చేయించాను. ఎంత తొందరగా కడితే అంత లాభమట. ఆదివారాలూ సెలవురోజులూ డబుల్ డ్యూటీ చేస్తే సరిగ్గా ఆ మూడో వంతు వస్తుంది. ఆయనతో అంటే తలెత్తకుండా "సరే" అన్నారు. వాదించలేదు, ఒక జోకైనా వెయ్యలేదు.

నాకు నిలకడగా కూర్చోబుద్ధి కావడం లేదు. ఇవాళ ఒకే కిటికీ రెండుసార్లు తప్పు కొలిచాను.

మీ మరదలు


కళ్ళద్దాల కొట్టు, వెనక గది

మరదలా,

డబుల్ డ్యూటీ వద్దు. నీ లెక్క తప్పని కాదు. వాడు చెయ్యకూడదు. నలభై ఆరేళ్ళవాడికి వారానికొక్క రోజన్నా విశ్రాంతి ఉండొద్దూ? వాడు "సరే" అన్నాడని నువ్వూ సరేననుకుంటే ఎలా?

నేను దాచుకున్నది కొంత ఉంది. పెద్ద మొత్తమేం కాదు. నేను ఒంటికాయ శొంఠికొమ్ముని, నేనేం చేసుకోను? పంపిస్తాను, అసలులో కట్టెయ్యి. ఆదివారాలు మాత్రం వాణ్ణి ఇంట్లో ఉంచు. ఎందుకని అడక్కు. అక్కని, చెబుతున్నాను, అంతే. ముందు ఈ వచ్చే ఆదివారం ఆపు.

మీ వదిన


ఇంటి నుంచి

వదిన గారికి,

మీ ఉత్తరం అందింది, జవాబు రాయడానికి నాకు రెండు నెలలు పట్టింది. డబ్బు వద్దు. పంపితే తిప్పి పంపుతాను.

ఎందుకని అడక్కూడదా? మాకు దారి చూపించింది మీరే. బ్యాంకుకి వెళ్ళమన్నది మీరే. తీరా వెళ్ళి, నిజం తెలుసుకుని, నడుం బిగిస్తే ఇప్పుడు వద్దంటారా? కష్టపడకుండా అప్పెలా తీరుతుంది, గీత దానంతటదే పాకుతుందా? ఆయనకి కష్టమని నాకు తెలీదనుకున్నారా? నేనూ రోజుకి రెండు కర్టెన్లు ఎక్కువ కుడుతున్నాను. మెడ పట్టేసి పక్కకి తిరగడం లేదు. పిల్లది డాన్సు క్లాసు మానేసింది. మేమెవరం మిమ్మల్ని ఏమీ అడగలేదు.

ఒక మాట అనకుండా ఉండలేను. మొదట్నుంచీ మా ఇల్లు మీకు నవ్వులాటే. బస్టాండన్నారు, పందేలు కట్టారు. మేం సొంతింటివాళ్ళం అవడం మీకు లోపల్లోపల ఎక్కడో గుచ్చుకుంటోందేమో. తప్పుగా అనిపిస్తే క్షమించండి, కానీ అనిపించింది రాశాను.

రెండు నెలలు అదనంగా కట్టాం. ఆయన ఆదివారాలు ఇంటికొచ్చేసరికి కళ్ళు ఎర్రగా ఉంటున్నాయి. రోడ్డు మీది దుమ్మట, ఏదో చుక్కల మందు వేసుకుంటున్నారు. గోడ పట్టుకుని మంచం దాకా వెళ్ళి పడిపోతారు. నేను చూడలేక మొహం తిప్పుకుంటాను. అయినా ఆపను. ఇప్పుడాపితే అరవై ఏడేళ్ళప్పుడు ఎవరు కడతారో మీరే చెప్పండి.

ఇట్లు


కళ్ళద్దాల కొట్టు నుంచి, కర్టెన్ల కొట్టు అడ్రసుకి

అమ్మాయ్,

ఇది ఇంటికి రాయకుండా నీ కొట్టుకి రాస్తున్నాను. వాడి కంట పడకూడదు. కూర్చుని చదువు.

వాడిక్కడికి వచ్చింది ట్రైనింగుకి కాదు. "అక్కా, అద్దాలు పాతబడ్డాయి, కొత్తవి చేసివ్వు" అని వచ్చాడు. ఇక్కడే, మిషను పక్కన స్టూలు మీద కూర్చోబెట్టి చూశాను. ఎదురుగా గోడ మీది అక్షరాలు చివరి వరసదాకా గడగడా చదివాడు. మరి రోగమేంటిరా అంటే, "ఏదో తేడాగా ఉందక్కా, పక్కనుంచి జనం ఉన్నట్టుండి ఊడిపడుతున్నారు" అన్నాడు. చేతిలో ఉన్న పెన్సిలు ఎడం పక్కనుంచి మెల్లగా వాడి మొహం ముందుకి తెచ్చాను. "కనపడితే చెప్పు" అన్నాను. పెన్సిలు వాడి ముక్కు దగ్గరికి వచ్చేదాకా మాట్లాడలేదు.

పక్క వీధి కళ్ళాసుపత్రికి లాక్కెళ్ళాను. కంట్లో ఒత్తిడి పెరిగి లోపలి నరం దెబ్బతింటోందన్నాడు డాక్టరు. చూపు అంచుల్నుంచి మూసుకుంటూ వస్తుందట. చుక్కలు వేసుకుంటే ఉన్నది నిలబడుతుంది, పోయింది మాత్రం తిరిగి రాదు. నువ్వు దుమ్ము మందన్న సీసా అదే. బస్సు తోలడం వెంటనే మానెయ్యమన్నాడు. డిపోలో ఏటేటా చేసే పరీక్ష ఎదురుగా అక్షరాలు చదివించేదే, అందుకే వాళ్ళకి తెలీదు.

బయటికొచ్చాక వాడు నా చెయ్యి తీసుకుని తన నెత్తి మీద పెట్టుకున్నాడు. "దానికి చెబితే నామీద ఒట్టే అక్కా. ఇంకా పదమూడేళ్ళేగా. జాగ్రత్తగా, మెడ తిప్పి చూసుకుంటూ తోలుతాను" అన్నాడు. చెప్పనని మాటిచ్చేశాను. నిన్ను బ్యాంకుకి పంపింది ఎందుకనుకున్నావు? పదమూడేళ్ళలో తీరదని తేలితే వాడే మానేస్తాడని ఆశ. గోతిలోంచి లాగుదామని తాడు వేస్తే అది వాడి మెడకే పడింది.

నాకు గుచ్చుకుంటోందన్నావు. గుచ్చుకునే ఉంది, నిజమే, కానీ ఇల్లు కాదు. ప్రతి ఆదివారం ఏ ఫోను మోగినా వాడి బస్సు కబురేననుకుంటున్నాను. వాడి బస్సులో ఎక్కేవాళ్ళు, రోడ్డు దాటేవాళ్ళు, వాళ్ళకీ ఇళ్ళున్నాయి గదా.

కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుందని ఇన్నాళ్ళూ ఊరుకున్నాను. ఇవాళ చించుకున్నాను. ఒట్టు తప్పినందుకు నాకేమైనా కానీ, వాడికేం కాకూడదు.

మీ వదిన


ఇంటి నుంచి, గుమ్మం దగ్గర కూర్చుని

వదినా,

మీ ఉత్తరం శనివారం అందింది. ఆ రాత్రి ఆయన్ని ఏమీ అడగలేదు. అడిగితే నవ్వేసి తప్పించుకుంటారని తెలుసు. నాకేమో కళ్ళారా చూస్తే గానీ నమ్మకం కుదరదు. ఆదివారం పొద్దున, ఆయన బస్సు వచ్చే స్టాపుకెళ్ళి నిలబడ్డాను.

ముందు తలుపులోంచి ఎక్కాను. మీకు తెలుసుగా, ఎక్కే తలుపు ఆయనకి ఎడం పక్క. ఎక్కి ముందు కమ్మీ పట్టుకుని నిలబడ్డాను. మధ్యలో ఇంజను మూత, అటు ఆయన. చెయ్యి చాస్తే భుజం అందుతుంది. ఆయన ఎదురుగా రోడ్డునే చూస్తున్నారు. చెయ్యి ఊపాను. చూళ్ళేదు. కొంగు ఆడించాను. చూళ్ళేదు. కట్టుకున్న పెళ్ళాన్ని, పక్కనే నిలబడి వెర్రిదాన్లా చేతులూపుతుంటే, ఆయనకి నేను లేను. మలుపు వచ్చినప్పుడల్లా మెడ ఎడమకి తిప్పి బయటి అద్దాన్నే చూస్తున్నారు, పక్కనున్న నా దాకా ఆ చూపు రావడం లేదు. వెనక సీట్లో ఒక పెద్దాయన "ఎంత జాగ్రత్తపరుడో" అని మెచ్చుకున్నాడు.

మూడో స్టాపు దాటాక సందులోంచి సైకిలు మీద ఒకావిడ వచ్చింది. హ్యాండిలుకి కూరల సంచీ. ఆయన మెడ అటు తిప్పి ఇటు తిప్పేలోపే వచ్చేసింది. నేను "ఆపండి!" అని అరిచాను. కండక్టరు బస్సు రేకు మీద దబదబా బాదాడు. బస్సు ఆగింది. ఆవిడ సంచీ తెగి ఉల్లిపాయలు రోడ్డంతా దొర్లాయి. ఆవిడకేం కాలేదు వదినా. నిజంగానే ఏం కాలేదు. లేచి, దులుపుకుని, మమ్మల్ని నోటికొచ్చినట్టు తిట్టింది. ఆ తిట్లు వింటుంటే నాకెంత హాయిగా ఉందో చెప్పలేను.

ఆయన తల మొత్తం ఇటు తిప్పి నన్ను చూశారు.

"నువ్వెప్పుడెక్కావు?"

"మూడు స్టాపులైంది" అన్నాను.

ఆయనకి అర్థమైపోయింది. ఇంజను ఆపేసి, చేతులు రెండూ స్టీరింగు మీంచి తీసి ఒళ్ళో పెట్టుకున్నారు. జనాన్ని వెనక బస్సెక్కించి, కండక్టరుతో డిపోకి కబురు పెట్టించి, ఇద్దరం నడిచి ఇంటికొచ్చాం.

ఇంటికొచ్చాక ఏడ్చారు. "పదమూడేళ్ళనుకున్నానే. పదమూడేళ్ళు తట్టుకోగలననుకున్నాను. ఇరవై ఒకటని నువ్వు చెప్పిన రోజునే చేతులెత్తేశాను, కానీ నీతో ఎలా చెప్పను?" అన్నారు. ఆదివారాలు తరిమి తరిమి పంపింది నేను వదినా. చుక్కలు వేసుకోవడం చూస్తూ కూడా నా పదిన్నరేళ్ళే లెక్కేసుకున్నాను. ఆ పూట ఆవిడ సైకిలు ఇంకో జానెడు ఇటు వచ్చుంటే, మా ఇంటికి ఏ గీత గీసుకునేవాళ్ళం?

సాయంత్రం ఆయన పెయింటు డబ్బా తీశారు. కిటికీ దగ్గరి గీత గీకేశారు. నేను టేపు పట్టుకున్నాను. చెప్పుల స్టాండు దాటి ఒక్క అడుగు దగ్గర, అసలు ఎక్కడుండాలో అక్కడ, గీశారు. ఇవతల ముగ్గురం కూర్చుందామంటే పట్టలేదు. పిల్లది నా ఒళ్ళో కూర్చుంది. ఆయన ఆ జాగాని అరచేత్తో తడిమి, "ఇంతేనా? ఇందుకోసమా నేను మనుషుల మీదకి బస్సు తోలింది?" అన్నారు.

డిపోలో అంతా చెప్పేశారు. స్టోరు గదిలో పని ఇస్తామన్నారు. జీతం బాగా తక్కువ, కిస్తీకి చాలదు. ఇల్లు అమ్మేస్తున్నాం.

మిమ్మల్ని అన్న మాటలు వెనక్కి తీసుకోలేను. మీరే పారెయ్యండి.

మీ మరదలు


కళ్ళద్దాల కొట్టు, వెనక గది

మరదలు పిల్లా,

మిషను ఆపి, నీ ఉత్తరం చదివి, ఇవాళంతా మళ్ళీ పెట్టలేదు. ఓనరు "ఒంట్లో బాలేదా?" అన్నాడు. బావుందన్నాను. చాన్నాళ్ళకి బావుంది.

నీ మాటలు ఎప్పుడో పారేశాను. ఒక్కటే ఉంచుకున్నాను, మీ ఇల్లు నాకు నవ్వులాటన్నావే, అది. నవ్వాను, నిజం. కిటికీ దాకా గీత రాదని పందెం కట్టాను. ఇప్పుడా పందెం నేనే గెలిచానని తలుచుకుంటే ఏడుపాగడం లేదు.

వాడికి చుక్కలు వెయ్యడం నువ్వే చూసుకో. వాణ్ణి నమ్మకు, మర్చిపోయాననేస్తాడు. కొత్తింటి అడ్రసు రాయి.

మీ వదిన


అద్దింటి నుంచి, పై అంతస్తు

వదినా,

అడ్రసు కవరు మీదుంది. వచ్చేశాం. రెండు గదులు, మెట్లు నిటారుగా ఉంటాయి, కుళాయి కింద ఉంది. బ్యాంకు బాకీ పోను చేతికొచ్చింది ఏడేళ్ళ కిందట ఇల్లు కొనేటప్పుడు మన చేతి నుంచి పెట్టినదానికన్నా కాస్త తక్కువే. అంటే ఏడేళ్ళూ అద్దెకున్నట్టే, మన ఓనరు టై కట్టుకునేవాడంతే. తెలిసుంటే ఏటేటా వెళ్ళి అడిగేవాళ్ళం, మొదట్లోనే కాస్త కాస్త అసలులో వేసేవాళ్ళం, అసలు అంత పెద్ద ఇల్లే కొనేవాళ్ళం కాదేమో. ఇప్పుడనుకుని ఏం లాభం?

కొన్నవాళ్ళు కొత్తగా పెళ్ళైన జంట. తాళాలు తీసుకునేటప్పుడు ఆ అబ్బాయి చెప్పుల దగ్గర ఆగి, "ఈ పసుపు గీతేంటండీ?" అన్నాడు. మీ తమ్ముడు చెప్పారు, ఏమీ దాచకుండా. "మీరూ గీసుకోండి, సరదాగా ఉంటుంది. కానీ టేపు పెట్టి కొలవద్దు. ఏడాదికోసారి బ్యాంకుకెళ్ళి, అసలు ఎంత తీరింది, ఏళ్ళెన్ని మిగిలాయి అని రెండూ అడిగి గీసుకోండి. పెయింటు కావాలంటే డిపో నుంచి తెచ్చిస్తాను" అన్నారు. అమ్మాయి నవ్వింది. అబ్బాయి నవ్వలేదు, గీతనీ పెరటి తలుపునీ మార్చి మార్చి చూశాడు.

వచ్చిన రోజే కర్టెన్లు వేశాను. ఆ లేతాకుపచ్చదాన్ని రెండు చేసి రెండు గదులకీ. "మనది కాని కిటికీకి కుట్టనన్నావుగా?" అన్నారు ఆయన. ఎండ మన మొహానే కదా పడేది అన్నాను. ఏడేళ్ళు ఆ మాట ఎందుకు తట్టలేదో నాకే తెలీదు. పిల్లది మళ్ళీ డాన్సు క్లాసుకి వెళుతోంది.

కొన్ని రాత్రులు ఇంకా ఉలిక్కిపడి లేస్తాను, ఒకటో తారీకు కిస్తీ కట్టామా అని. లేచి, లేదని గుర్తొచ్చి, పక్కన పడుకున్న మనిషిని చూసుకుని మళ్ళీ పడుకుంటాను.

సాయంత్రాలు చుక్కల మందు వేశాక ఇద్దరం అలా నడిచొస్తాం. నేను ఆయనకి ఎడం పక్కన నడుస్తాను. మొదట్లో ఒప్పుకునేవారు కాదు, నేనేమన్నా గుడ్డివాణ్ణా అని గింజుకునేవారు. నిన్న పెద్ద రోడ్డు దగ్గర ఆయనే ఆగి, చెయ్యి ఇచ్చి, "కుడివైపు నాది, ఎడంవైపు నీది. దీనికి ఏ బ్యాంకూ అడ్డం రాదు" అన్నారు.

నా వాటా వైపు నేను చూశాను. బళ్ళేమీ లేవని చెప్పాను. దాటాం.

మీ మరదలు